సహాయపాత్రల షౌకత్ ఆపా
(న్యాల్‌కల్‌లో జరిగిన సంఘం వార్షిక సభలో చేసిన ప్రసంగ పాఠం)

 

నన్ను మాట్లాడమని అడగడానికి వచ్చినప్పుడు కార్యదర్శి గారు ఒక షరతు పెట్టారు. "ఆపా, ఆడపిల్లల చదువు గురించి మీరు ప్రతి ఏడూ చెబుతూనే ఉన్నారు. ఈసారి ఇంకేదైనా చెప్పండి" అన్నారు. సరే, సినిమా నటి గురించి చెబుతానన్నాను. ఆయన కాసేపు మాట్లాడలేదు. తరువాత "మంచిదే, కాని కాస్త చూసి చెప్పండి" అన్నారు. చూసే చెబుతాను, భయపడకండి.

ఉర్దూలో కాకుండా తెలుగులో ఎందుకు మాట్లాడుతున్నానని కొందరు అనుకోవచ్చు. నేను చదువుకున్నది ఉర్దూలో, ముప్పై ఏళ్లు పాఠం చెప్పిందీ ఉర్దూలోనే. కాని ఇవాళ మన పిల్లలు ఎక్కువమంది తెలుగు మీడియం, ఇంగ్లీషు మీడియం బడులలో ఉన్నారు. ఇంట్లో దక్కనీ మాట్లాడినా పుస్తకం తెలుగులోనే చదువుతారు. సావనీరులో అచ్చయితే వాళ్లు చదవాలి గదా అని తెలుగులో చెబుతున్నాను.

ముందుగా ఇది ఎందుకు చెప్పాలనిపించిందో మనవి చేస్తాను. మొన్నీమధ్య మన ఊరి తల్లి ఒకామె మా ఇంటికి వచ్చింది. ఆమె కూతురు కాలేజీలో నాటకం వేసి బహుమతి తెచ్చుకుంది. కథానాయిక వేషం కూడా కాదు, ముసలి అత్త వేషం. పిల్ల కప్పు పట్టుకుని సంతోషంగా ఇల్లు చేరితే, ఇంట్లో మూడు రోజులు పొయ్యి వెలిగినా ఎవరికీ అన్నం సయించలేదట. "షరీఫ్ ఖాన్‌దాన్ పిల్ల వేషం కడుతుందా" అని ఒకరు, "రేపు సంబంధాలు వస్తాయా" అని ఒకరు. ఆ తల్లి నన్ను "ఆపా, మనవాళ్లలో మంచి ఇంటి ఆడది ఎవరైనా ఇట్లా చేసిందా" అని అడిగింది. ఆమెకు అప్పుడు నేను చెప్పిన జవాబే ఇవాళ మీ అందరికీ కొంచెం విపులంగా చెబుతాను.

ఆ జవాబు పేరు షౌకత్ కైఫీ. తెర మీద కొన్నిచోట్ల షౌకత్ ఆజ్మీ అని కూడా వేసేవారు. తెలిసినవాళ్లు షౌకత్ ఆపా అనేవారు. ఈ తరం పిల్లలకు చెప్పాలంటే షబానా ఆజ్మీ తల్లి. నేను మాత్రం కూతురి పేరుతో తల్లిని గుర్తు పట్టే అవసరం లేకుండా చేయాలని అనుకుంటున్నాను.

ఆమె మన హైదరాబాద్ సంస్థానంలో పెరిగిన పిల్ల. పూర్వీకులది ఉత్తరప్రదేశ్ అయినా ఆమె పెంపకమంతా ఇక్కడిదే. ఆ రోజుల్లో సంస్థానం అంటే తెలుగు జిల్లాలు ఒక్కటే కాదు. ఔరంగాబాదూ అందులోదే, బీదరూ అందులోదే. మన న్యాల్‌కల్ కూడా 1956 దాకా బీదర్ తాలూకాలో ఒక సర్కిలుగా ఉండేది. రాష్ట్రాల పునర్విభజనలో జహీరాబాద్‌తో పాటు మెదక్ జిల్లాలోకి వచ్చాం, 2016 నుంచి సంగారెడ్డి జిల్లా వాళ్లమయ్యాం. కాబట్టి ఔరంగాబాద్‌లోనూ హైదరాబాద్‌లోనూ పెరిగిన షౌకత్ మనకు పరాయి మనిషి కాదు, ఒకే సంస్థానపు బిడ్డ.

1947 మొదట్లో హైదరాబాద్‌లో ముషాయిరా జరిగింది. బొంబాయి నుంచి అలీ సర్దార్ జాఫ్రీ, కైఫీ ఆజ్మీ వచ్చారు. ముషాయిరా అయిపోగానే ఆడపిల్లలంతా కైఫీ సంతకం కోసం ఎగబడితే, షౌకత్ కావాలనే ముందు జాఫ్రీ దగ్గరికి వెళ్లింది. తన వంతు వచ్చాక కైఫీ ఆమె పుస్తకంలో అర్థంపర్థంలేని షేర్ ఒకటి రాసిచ్చాడు. ఎందుకిట్లా రాశావని అడిగితే, నువ్వు ముందు వాళ్ల దగ్గరికి ఎందుకు వెళ్లావని అతను అడిగాడు. ఈ సంగతి ఆమే తన ఆత్మకథలో నవ్వుతూ రాసుకుంది.

ఇంట్లో గొడవ జరిగింది. కమ్యూనిస్టు, కవి, చేతిలో కాసు లేదు. ఎవరిస్తారు పిల్లను? అప్పుడు ఆమె తండ్రి చేసిన పనిని ఇక్కడున్న తండ్రులందరూ శ్రద్ధగా వినాలి. ఆయన కూతురిని కొట్టలేదు, గదిలో పెట్టి తాళం వేయలేదు. వెంటబెట్టుకుని బొంబాయి తీసుకుపోయారు. ఇదిగో, ఇతను బతికే తీరు ఇది, కళ్లారా చూసి చెప్పు అన్నారు. చూసిన తరువాత కూడా ఆమె అతణ్నే చేసుకుంటానంది. 1947 మేలో సజ్జాద్ జహీర్ ఇంట్లో నికా జరిగింది.

ఇక కాపురం. పార్టీ వాళ్ల కమ్యూన్‌లో బతుకు. తరువాత రెడ్ ఫ్లాగ్ హాల్ అనే చోట ఎనిమిది కుటుంబాలకు తలా ఒక్క గది, అందరికీ కలిపి ఒకటే స్నానాలగది. భర్తకు పార్టీ ఇచ్చే భత్యం తిండికే చాలదు. మొదటి బిడ్డ పసితనంలోనే పోయాడు. 1950 సెప్టెంబరులో షబానా పుట్టింది, అదీ హైదరాబాద్‌లోనే. ఇల్లు గడవాలంటే షౌకత్ సంపాదించాలి. పార్టీ నాయకుడు పి.సి. జోషీ ఆమెకు పెళ్లయిన కొత్తలోనే చెప్పాడట, ఖాళీగా కూర్చోవద్దు, ఏదో ఒక పని చేయమని. ఆమెకు వచ్చిన పని నటన.

మన సభలో ఎవరైనా "సరదాకు నటించింది" అనుకుంటే అది పొరపాటు. బియ్యం కోసం నటించింది, పిల్లల ఫీజుల కోసం నటించింది. 

మొదట 1943లో బొంబాయిలో పుట్టిన ఇప్టాలో నాటకాలు వేసింది. మన తెలుగునాట ప్రజానాట్యమండలి దాని చెల్లెలే. ఆ తరువాత పృథ్వీరాజ్ కపూర్ నడిపిన పృథ్వీ థియేటర్స్‌లో జీతానికి చేరింది. అప్పటికి షబానా నెలల పిల్ల. ఇంట్లో చూసేవాళ్లు లేరు. పిల్లను వీపుకు కట్టుకుని రిహార్సల్‌కు పోయేది. మన చేలలో కూలికి పోయే తల్లులు పిల్లను చెట్టుకు ఉయ్యాల కట్టి పనిలో దిగుతారే, సరిగ్గా అట్లాంటి సంగతి. పనికి పోయే తల్లి ఎక్కడైనా ఒక్కటే, చేనైనా రంగస్థలమైనా.

ఆ కంపెనీ గురించి ఒక్క మాట చెప్పాలి. 1944లో మొదలై 1960 వరకు నడిచింది. ఊరూరూ రైల్లో తిరిగి నాటకాలు ఆడేది. ఆట అయిపోయాక పృథ్వీరాజ్ గారే గేటు దగ్గర జోలె పట్టుకుని, తలవంచి నిలబడేవారు. ఆ జోలెలో పడ్డ డబ్బు మంచి పనులకు పోయేది. జొహ్రా సెహగల్, ఆమె చెల్లెలు ఉజ్రా అందులో నటించినవాళ్లే. అంటే మంచి ఇళ్ల నుంచి వచ్చిన ఆడవాళ్లు గౌరవంగా పనిచేసుకోవడానికి తగిన నీడ అక్కడ ఉండేది. పెద్ద మనిషి ఒకడు ముందు నిలబడితే, వెనక ఉన్న ఆడవాళ్లకు ఎంత ధైర్యమో చూడండి.

సినిమాలో ఆమె కథానాయిక కాలేదు. 1964లో చేతన్ ఆనంద్ తీసిన "హకీకత్", 1970లో "హీర్ రాంఝా", ఇట్లా ఒక్కొక్కటిగా చిన్న వేషాలు వచ్చాయి. తల్లి, అత్త, పిన్ని, పొరుగింటి ఆవిడ. ఇటువంటి వాటినే సహాయపాత్రలు అంటారు. నాయిక బొమ్మ గోడ మీద పోస్టరులో ఉంటుంది. సహాయనటి పేరు ఆట మొదట్లో చిట్టాలో ఒక వరుసలో కనిపించి పోతుంది. మనం అప్పటికింకా సీట్లు వెతుక్కుంటూ ఉంటాం.

కాని ఆలోచించండి. 1962లో వచ్చిన "గుండమ్మ కథ"లో ఎన్.టి. రామారావు, నాగేశ్వరరావు, సావిత్రి, జమున, ఎస్.వి. రంగారావు అందరూ ఉన్నారు. అయినా ఆ సినిమాకు పేరు పెట్టింది సూర్యకాంతం గారి వేషం మీద. పక్కవేషం గట్టిగా లేకపోతే కథ నిలబడదని చక్రపాణి గారికి తెలుసు. ఇల్లూ అంతే. దర్వాజా అందంగా ఉందంటాం. దూలాన్ని ఎవరూ పొగడరు.

వేషం చిన్నదైనా ఆమె పడే శ్రమ చిన్నది కాదు. ఈ సంగతి షబానా చాలాసార్లు చెప్పింది. తల్లి "పగ్లీ" అనే నాటకంలో పిచ్చిదాని వేషానికి తయారవుతోంది. ఇంట్లో మామూలుగా మాట్లాడుతూ మాట్లాడుతూ ఉన్నట్టుండి వేషంలోకి పోయి ఆ మాటలు అనేది. చిన్నపిల్ల భయపడి ఏడ్చింది, అమ్మకు నిజంగానే పిచ్చి పట్టిందని. అప్పుడు కైఫీ బిడ్డను సముద్రం ఒడ్డుకు తీసుకుపోయి, అమ్మ పని చేసుకుంటోంది, మనం ఇద్దరం ఆమెకు సాయంగా ఉండాలి అని నచ్చజెప్పాడు. పెద్ద షాయరు. "నీ నాటకం మానెయ్, పిల్ల ఏడుస్తోంది" అని భార్యతో అనలేదు. బిడ్డకు నచ్చజెప్పే పని తన మీద వేసుకున్నాడు. భర్తలారా, ఇది కూడా సహాయపాత్రే.

ఇప్పుడు ఆమెకు ఎక్కువ పేరు తెచ్చిన సినిమా గురించి. ఎం.ఎస్. సత్యూ తీసిన "గరమ్ హవా", 1974లో విడుదలైంది. ఇస్మత్ చుగ్తాయ్ కథ. స్క్రీన్‌ప్లే కైఫీ, షమా జైదీ రాశారు. దేశ విభజన తరువాత ఆగ్రాలో చెప్పుల వ్యాపారం చేసే సలీం మీర్జా కుటుంబం. బంధువులు ఒక్కొక్కరే పాకిస్తాన్ వెళ్లిపోతుంటారు. వ్యాపారం పోతుంది, హవేలీ పోతుంది, కన్నకూతురు పోతుంది. పోదామా, ఉందామా? ఈ ఒక్క ప్రశ్న మీదే సినిమా అంతా నడుస్తుంది. సలీం మీర్జాగా బల్‌రాజ్ సహానీ నటించాడు. తన గొంతు డబ్బింగు చెప్పిన మరునాడు, 1973 ఏప్రిల్ 13న, ఆయన చనిపోయాడు. భార్య జమీలాగా షౌకత్ ఆపా.

ఆ ప్రశ్న మన ప్రాంతపు పాత కుటుంబాలకు సినిమాలో చూసి తెలుసుకోవలసింది కాదు. 1948 సెప్టెంబరు పోలీసు చర్య తరువాత బీదర్ జిల్లా ఊళ్లలో ఎన్ని ఇళ్లలో చీకటిపడ్డాక ఈ మాట నడిచిందో పెద్దలకు తెలుసు. కొందరు కరాచీ వెళ్లారు. మన పెద్దలు ఉండిపోయారు, అందుకే మనం ఇవాళ ఇక్కడ కూర్చున్నాం.

ఆ సినిమాలో చివరి దృశ్యం ఒక్కటి చెబుతాను. అన్నీ పోయి, ఇక వెళ్లిపోదామని కుటుంబం టాంగా ఎక్కి స్టేషనుకు బయలుదేరుతుంది. దారిలో ఊరేగింపు అడ్డం వస్తుంది. ఉద్యోగాల కోసం, బతుకుతెరువు కోసం నినాదాలు ఇస్తున్న జనం. కొడుకు దిగి అందులో కలుస్తాడు. తరువాత తండ్రీ దిగిపోతాడు. టాంగా ఇంటి దారి పడుతుంది. చూసినవాళ్లందరూ ఊరేగింపును మెచ్చుకుంటారు, మెచ్చుకోవలసిందే. కాని నా చూపు ఎప్పుడూ ఆ టాంగా మీదే ఉంటుంది. అందులో కూర్చున్నది జమీలా. ఉండిపోదామని నిర్ణయం చేసింది మగవాళ్లు. తిరిగి వెళ్లి తాళం తీసి, చల్లారిన పొయ్యి మళ్లీ రాజేయవలసింది ఎవరు? మన అమ్మమ్మలు, దాదీలు 1948 తరువాత చేసింది అదే. వాళ్ల వేషాన్ని షౌకత్ ఆపా వేసింది. ఆ ముఖంలో కోపం ఉంది, విసుగు ఉంది, కూతురు పోయిన దుఃఖం ఉంది, అయినా పాందాన్ సర్దుకునే ఓపికా ఉంది.

ఆ సినిమా సెన్సారు దగ్గర నెలల తరబడి నిలిచిపోయింది. అల్లర్లు జరుగుతాయని కొందరి భయం. చివరకు విడుదలయ్యాక జాతీయ సమైక్యత మీద తీసిన ఉత్తమ చిత్రంగా జాతీయ బహుమతి వచ్చింది. 1973లోనే కైఫీకి పక్షవాతం వచ్చి ఎడమవైపు పడిపోయింది. 2002లో ఆయన కన్ను మూసేదాకా ఆయనను చూసుకున్నదీ, వేషాలు వేసిందీ ఈమే. 1974లోనే కూతురు షబానా మొదటి సినిమా "అంకుర్" వచ్చింది. శ్యామ్ బెనెగల్ మన తెలంగాణ పల్లెలో తీసిన సినిమా అది, అందులో మాట్లాడేది మన దక్కనీ మాటే. ఒకే ఏడు తల్లి ఆగ్రా జమీలా, కూతురు తెలంగాణ లక్ష్మి.

ఇదే "గరమ్ హవా"లో ఇంకొక ఆడమనిషి ఉంది. ఆమె సంగతి చెప్పకపోతే నా ప్రసంగం సగమే అవుతుంది. సలీం మీర్జా ముసలి తల్లి వేషం. హవేలీ వదలనని మొండికేసి, చివరి శ్వాస కోసం మళ్లీ ఆ హవేలీకే మోసుకుపోబడే తల్లి. ఈ వేషానికి గాయని బేగం అఖ్తర్‌ను అడిగితే ఆమె ఒప్పుకోలేదు. ఆగ్రాలో వెతికితే బదర్ బేగం అనే వృద్ధురాలు దొరికింది. డెబ్బై దాటిన వయసు, కళ్లలో శుక్లాలు, చూపు దాదాపు లేదు. ఆమె పదహారేళ్ల వయసులో సినిమాలో నటించాలని ఇల్లు విడిచి బొంబాయి పారిపోయింది. తెచ్చుకున్న డబ్బు అయిపోయింది. వాడియా మూవీటోన్ సినిమాలో గుంపులో నిలబడే వేషం మాత్రమే దొరికింది. ఆ కూలితో ఆగ్రా తిరిగి వచ్చింది. తిరిగి చేరింది ఇంటికి కాదు, కోఠాకు. బతుకంతా అక్కడే గడిచింది. ఎన్నో ఏళ్లు గడిచాక కెమెరా తనే ఆమె దగ్గరికి వచ్చింది. ఆమె గొంతుకు దీనా పాఠక్ డబ్బింగు చెప్పింది. సినిమా చూసినవాళ్లు ఆ ముసలామె ముఖం మరవలేరు.

సోదర సోదరీమణులారా, ఇద్దరినీ పక్కపక్కన పెట్టి చూడండి. ఇద్దరూ ముస్లిం ఇళ్ల నుంచి వచ్చినవాళ్లే. ఇద్దరూ బొంబాయి వెళ్లారు. ఇద్దరిలోనూ విద్య ఉంది, లేకపోతే తొలిసారి మాటలున్న వేషం వేసిన ముసలామె అట్లా నటించలేదు. మరి ఒకరు షౌకత్ ఆపా ఎట్లా అయింది, ఇంకొకరు కోఠాకు ఎట్లా చేరింది? షౌకత్‌ను తండ్రి వెంటబెట్టుకుని తీసుకుపోయాడు. బదర్ ఒంటరిగా పారిపోయింది. షౌకత్ వెనక భర్త ఉన్నాడు, ఇప్టా ఉంది, జీతమిచ్చే కంపెనీ ఉంది. బదర్ వెనక ఎవరూ లేరు, తిరిగి రావడానికి తెరిచిన తలుపు లేదు. తేడా నటన చేసింది కాదు, మనం చేసింది. ఆడపిల్లను చెడగొట్టేది వేషం అంటాం. నేను చూసినంతలో ఆమెను చెడగొట్టేది మూసిన తలుపు.

చివరగా ఇంకొక సినిమా. 1981లో "ఉమ్రావ్ జాన్"లో ఆమె కోఠా పెద్ద ఖానుమ్ జాన్‌గా వేసింది. నాయిక రేఖ మన తెలుగు నటి పుష్పవల్లి కూతురే. ఆ మరుసటి ఏడు 1982లో సాగర్ సర్హదీ "బాజార్" తీశాడు. అది హైదరాబాద్ కథ. గల్ఫ్ నుంచి డబ్బుతో వచ్చిన పెద్ద వయసు మనిషికి, పేదింటి పిల్లను నికా పేరుతో అమ్మేయడం. ఆ సంబంధాలు కుదిర్చే హజ్జన్ బీ వేషం షౌకత్ ఆపాది. నాకు ఆ వేషం చూసినప్పుడల్లా ఒళ్లు జలదరిస్తుంది. ఎందుకంటే ఆమె రాక్షసిలా ఉండదు. తీయగా మాట్లాడే, అందరూ గౌరవించే పెద్దావిడలా ఉంటుంది. నిజంగా అట్లాగే ఉంటారు గనక. 1991లో హైదరాబాద్ నుంచి ఇట్లా అరవై ఏళ్ల మనిషి వెంట పోతున్న చిన్నపిల్లను, ఏడుపు చూసి విమానంలోని పరిచారిక కాపాడినప్పుడు దేశమంతా నివ్వెరపోయింది. షౌకత్ ఆపా అద్దం పట్టి తొమ్మిదేళ్లు అయింది అప్పటికి. మన ఇంటి పిల్ల నాటకంలో అత్త వేషం వేస్తే మూడు రోజులు అన్నం మానేసిన మనం, నిజంగా పిల్లలను అమ్మే హజ్జన్ బీ ఇంటికి వస్తే చాయ్ ఇచ్చి కూర్చోబెట్టామా లేదా? ఎవరికి వారే అడుగుకోవాలి.

1988లో మీరా నాయర్ "సలామ్ బాంబే"లో, 2002లో "సాథియా"లో కూడా ఆమె కనిపించింది. "యాద్ కీ రహ్‌గుజర్" పేరుతో ఉర్దూలో ఆత్మకథ రాసింది. 2019 నవంబరు 22న, తొంభై దాటిన వయసులో ముంబైలో కన్నుమూసింది. ఆత్మకథ ఆధారంగా షబానా, జావేద్ అఖ్తర్ "కైఫీ ఔర్ మై" అని నాటకం ఆడారు. కైఫీ తన సొంత ఊరు మిజ్వాన్‌లో ఆడపిల్లల చదువు కోసం సంఘం పెట్టాడు. చూశారా, కార్యదర్శి గారూ, ఎక్కడ తిరిగినా చివరకు చదువు దగ్గరికే వచ్చాను. మన్నించాలి.

నేను మన పిల్లలందరినీ సినిమాల్లో చేరమని చెప్పడం లేదు. అందరికీ ఆ విద్య రాదు, అందరికీ ఆ వేషం దొరకదు. నేను అడిగేది ఒక్కటే. పిల్లకు ఏ విద్య వచ్చినా, కుట్టుపని కానివ్వండి, లెక్కలు కానివ్వండి, నాటకం కానివ్వండి, ఆ తండ్రిలాగా వెంట నడవండి. చూసి రమ్మని పంపి తలుపు మూయకండి.

ఆ అమ్మాయి సంగతి అడుగుతారేమో. వచ్చే నెల జహీరాబాద్‌లో మళ్లీ పోటీ ఉంది. సాయంత్రం ఆలస్యమవుతుంది, బస్సులో ఒంటరిగా పంపలేమని వాళ్లింట్లో అంటున్నారు. అది న్యాయమైన మాట. సంఘం తరఫున ఎవరైనా తోడు వస్తే పంపుతామని వాళ్ల నాన్న నిన్ననే నాతో అన్నారు. కార్యదర్శి గారు చార్జీలు ఇప్పిస్తే సంతోషం, ఇప్పించకపోయినా ఫరవాలేదు. మోకాళ్ల నొప్పి ఉన్నా తోడు నేను వెళతాను. ఈ వయసులో నాకు కూడా ఒక సహాయపాత్ర దొరికింది.